పెళ్ళికూతురు కాని కూతురు: జయప్రద, సెత్సుకో హరా పాత్రలలో కాబోయే వధువు

వ్యాససంగ్రహం:

తెలుగు సినిమాలో కాబోయే వధువు పాత్ర సాధారణంగా మంగళసూత్రధారణతో ముగుస్తుంది. ఆ ముగింపునకు చేరని పాత్రలు తక్కువ. రాజమహేంద్రవరంలో జన్మించిన నటి జయప్రద 1976లో ధరించిన మూడు పాత్రలను, ముఖ్యంగా ‘అంతులేని కథ’లోని సరితను ఈ వ్యాసం పరిశీలిస్తుంది. జపాన్ నటి సెత్సుకో హరా, యసుజిరో ఓజు దర్శకత్వంలో ధరించిన నొరికో పాత్రలను తులనాత్మకంగా చర్చిస్తుంది. సరితను త్యాగమూర్తిగా మాత్రమే చదివే అలవాటు ఆమె సంపాదనను మరుగుపరుస్తుందనీ, జయప్రద నటన ఆ సంపాదనను మరవనివ్వదనీ ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: కాబోయే వధువు, జయప్రద, అంతులేని కథ, సెత్సుకో హరా, ఓజు, త్యాగం, సంపాదించే కూతురు, విధవా వివాహం.

1. ఉపోద్ఘాతం

‘పెళ్ళికూతురు’ అనే సమాసం వధువును పుట్టింటి వైపు నుంచి చూస్తుంది. ఆమె పెళ్ళిపీటల మీద కూర్చున్న కూతురు. ‘పెళ్ళికొడుకు’ కూడా అదే తీరున ఏర్పడిన మాటే. అయితే పెళ్ళి తర్వాత కొడుకు కొడుకుగానే ఉంటాడు. కూతురు అప్పగింతలతో మరొక ఇంటికి కోడలవుతుంది. కాబట్టి ‘పెళ్ళికూతురు’ అన్నది పుట్టింట్లో కూతురు ధరించే చివరి రూపం. జపాన్ భాషలో ‘యోమె’ అనే మాటకు వధువు, కోడలు అనే రెండర్థాలూ ఉన్నాయి. అదే స్త్రీని ఆ మాట అత్తింటి గుమ్మంలో నిలబడి చూస్తుంది. ఒక భాష ఆమె విడిచిపోయే ఇంటిని తలచుకుంటే, మరొక భాష ఆమె చేరబోయే ఇంటిని తలచుకుంటుంది.

ఈ రెండు ఇళ్ళ మధ్య గడిచే కాలమే కాబోయే వధువు కాలం. పెళ్ళిచూపులు, నిశ్చితార్థం, పెళ్ళికూతుర్ని చేయడం, నలుగు, గౌరీపూజ, మేనమామ బుట్టలో మోసుకురావడం, తెర, జీలకర్ర బెల్లం, అప్పగింతలు: గోదావరి జిల్లాల పెళ్ళిలో ఈ కాలానికి ఎన్ని అంచెలో! ప్రతి అంచెలోనూ ఆమె అందరి చూపులకూ కేంద్రం. కానీ మాట్లాడవలసిన సందర్భాలు మాత్రం తక్కువ. తెలుగు సినిమా ఈ కాలాన్ని విస్తారంగా వాడుకుంది. దానిని పాటలకు, అపార్థాలకు, చివరి క్షణంలో ఆగే పెళ్ళిళ్ళకు నెలవుగా చేసుకుంది. చివరకు తాళి కట్టించి, ఆ స్త్రీ కథ అక్కడితో పూర్తయినట్లు తేల్చింది.

ఆ కథ పూర్తి కాకపోతే ఏమవుతుంది? పెళ్ళికూతురు కావలసిన కూతురు ఇంటికి కొడుకుగా మారిపోతే ఆ ఇల్లు ఆమెను అప్పగించగలదా? ఈ ప్రశ్నను 1976లో ‘అంతులేని కథ’ అడిగింది. దీనికి దగ్గరి ప్రశ్ననే 1949లో ఓజు చిత్రం ‘బన్షున్’ (వసంతాంతం) మరో దిక్కు నుంచి అడిగింది. ఒకదాని ప్రభావం మరొకదానిపై ఉందని చెప్పడం ఈ వ్యాస ఉద్దేశం కాదు. రెండు సమాజాలు ఒకే సమస్యను ఇద్దరు నటీమణుల ముఖాల ద్వారా ఎలా పరిశీలించుకున్నాయో చూడడమే ఇక్కడి ప్రయత్నం.

2. 1976: ముగ్గురు కాబోయే వధువులు

జయప్రద అసలు పేరు లలితారాణి. ఆమె 1962 ఏప్రిల్ 3న రాజమహేంద్రవరంలో జన్మించింది. చిన్ననాటి నుంచి నృత్యం నేర్చుకుంది. కె.బి. తిలక్ దర్శకత్వం వహించిన ‘భూమి కోసం’ (1974) చిత్రంలోని ఒక చిన్న నృత్య సన్నివేశంతో తెరకు పరిచయమైంది. మరో రెండేళ్ళకు, ఒకే సంవత్సరంలో, మూడు భిన్నమైన చిత్రాలలో ప్రధాన పాత్రలు ధరించింది. అవి కె. బాలచందర్ ‘అంతులేని కథ’, కె. విశ్వనాథ్ ‘సిరిసిరిమువ్వ’, బాపు ‘సీతా కళ్యాణం’. మూడింటిలోనూ ఆమె పాత్ర ఏదో ఒక విధంగా పెళ్ళి ముంగిట నిలబడిన కన్యయే.

వీటిలో ‘సీతా కళ్యాణం’ గోదావరి వారి చేతి పని. దర్శకుడు బాపు నరసాపురంలోను, రచయిత ముళ్ళపూడి వెంకటరమణ ధవళేశ్వరంలోను జన్మించారు. సీతను వాల్మీకి ‘వీర్యశుల్క’ అన్నాడు. పరాక్రమమే ఆమెకు శుల్కం. విల్లు ఎక్కుపెట్టగలవాడికే ఆమె దక్కుతుంది. సీత మనసు ముందే రామునిపై నిలిచినా, ఆమె పెళ్ళి ఆమె మాట మీద కాక ధనుస్సు మీద ఆధారపడి ఉంది. బాపు చిత్రంలోని సీత చూపులతోనే సమ్మతిస్తుంది. ఇదే డెల్టాలోని పెద్దాపురంలో పుట్టిన అంజలీదేవి ‘లవకుశ’ (1963)లో సీతగా ప్రేక్షకుల మనసులో నిలిచింది. అది పెళ్ళయి, కానలపాలైన సీత. జయప్రద సీత పెళ్ళి కావలసిన సీత. ఒకే పురాణ స్త్రీ జీవితంలోని రెండు కొసలను గోదావరి తీరపు నటీమణులిద్దరు పంచుకున్నట్లయింది.

‘సిరిసిరిమువ్వ’లోని హైమకు అసలు మాటలే లేవు. ఆమె మూగపిల్ల. సవతితల్లి ఉన్న ఇంట్లో పెరుగుతూ, నృత్యంలో మాత్రమే తనను తాను చెప్పుకోగలదు. ఆమెను ఆరాధించే సాంబయ్య (చంద్రమోహన్) డప్పు వాయిస్తాడు. ఆ వాద్యానికి ఆమె అడుగే జవాబు. పెళ్ళి మాటల్లో వధువు సమ్మతిని ఎవరూ అడగని సంప్రదాయాన్ని, అడిగినా చెప్పలేని నాయికను పెట్టి విశ్వనాథ్ మరింత స్పష్టంగా చూపాడు. ఈ కథే ‘సర్గమ్’ (1979) పేరుతో హిందీలో వచ్చి, జయప్రదను అక్కడి ప్రేక్షకులకు పరిచయం చేసింది.

సీత చూపులతో మాట్లాడుతుంది, హైమ అడుగులతో మాట్లాడుతుంది. సరిత మాత్రం నోరు విప్పి మాట్లాడుతుంది. ఈ ముగ్గురినీ ఒకచోట నిలిపినప్పుడే సరిత ప్రత్యేకత తెలుస్తుంది. తెలుగు తెర మీద మంచి వధువుకు కావలసినవిగా భావించే మౌనం, మందహాసం, తలవంచుకోవడం అనే మూడు లక్షణాలూ ఆమెలో లేవు.

ఇక్కడ ఒక వాస్తవాన్ని విస్మరించకూడదు. 1976 నాటికి జయప్రద వయసు పద్నాలుగేళ్ళు. అప్పటికి హిందూ వివాహ చట్టం (1955) ప్రకారం వధువు కనీస వయసు పదిహేనేళ్ళు. దానిని పద్దెనిమిదికి పెంచిన సవరణ 1978లో వచ్చింది. అంటే ఇంటిల్లిపాదినీ పోషించే, పెళ్ళి వయసు దాటిపోతున్న ఉద్యోగినిగా ప్రేక్షకులు నమ్మిన ఆ నటి, నిజజీవితంలో చట్టం అనుమతించే అతి చిన్న వయసుకైనా అప్పుడప్పుడే చేరువవుతున్న బాలిక. కాబోయే వధువు బొమ్మను మన సినిమా ఎంత చిన్న భుజాల మీద మోపిందో ఈ లెక్క చెబుతుంది. ఆ నటనను మెచ్చుకునే విమర్శ ఈ లెక్కను కూడా పక్కనే ఉంచుకోవాలి.

3. ‘అంతులేని కథ’: జీతం, పెళ్ళి

‘అంతులేని కథ’కు మూలం బాలచందర్ స్వయంగా తీసిన తమిళ చిత్రం ‘అవళ్ ఒరు తొడర్‌కదై’ (1974). తమిళంలో సుజాత పోషించిన పాత్రను తెలుగులో జయప్రద పోషించింది. ఎం.ఎస్. విశ్వనాథన్ సంగీతం, ఆత్రేయ పాటలు ఈ నలుపు తెలుపు చిత్రానికి ప్రాణం పోశాయి. ఇదే కథ తర్వాతి కాలంలో బెంగాలీ, హిందీ, కన్నడ భాషల్లోకీ వెళ్ళింది. ఇన్ని భాషల మధ్యతరగతి ఇళ్ళు తమ కథగా గుర్తించాయంటే, ఇది ఒక్క ఇంటి విషాదం కాదు.

సరిత తండ్రి సంసారాన్ని వదిలి సన్యసించాడు. అన్న మూర్తి (రజనీకాంత్) తాగుబోతు. అతనికి భార్యాపిల్లలున్నారు. ఒక చెల్లెలు భారతి (శ్రీప్రియ) వితంతువు. తమ్ముడు అంధుడు. పెళ్ళి కావలసిన చెల్లెలు మరొకతె ఉంది. తల్లి, వదిన, పిల్లలు అందరికీ ఆధారం సరిత జీతమే. ఆమెను ప్రేమించిన తిలక్ పెళ్ళికి తొందరపడుతూ, చివరకు మనసు భారతి వైపు మళ్ళించుకుంటాడు. సరిత వారిద్దరి పెళ్ళీ తానే జరిపిస్తుంది. తర్వాత ఆమె పై అధికారి అరుణ్ (కమల్‌హాసన్) ఆమెను పెళ్ళాడగోరుతాడు. అప్పటికి అన్నలో మార్పు వచ్చి బాధ్యత తీసుకుంటానంటాడు. ఇక సరిత పెళ్ళికూతురు కావచ్చు. ఆ దశలో అన్న మరణిస్తాడు. తనకు నిర్ణయమైన వరుణ్ని చెల్లెలికి ఇచ్చి పెళ్ళి జరిపించి, సరిత మళ్ళీ ఉద్యోగానికి బయలుదేరుతుంది.

ఈ కథను సాధారణంగా త్యాగగాథగా చదువుతారు. ఆ పఠనానికి చిత్రంలోనే ఆధారాలున్నాయి. అయితే త్యాగం అనే మాటలో ఒక ఇబ్బంది ఉంది. త్యాగం చేసేవారికి ఎంపిక ఉండాలి. సరితకు ఉన్న ఎంపిక ఎలాంటిది? ఆమె పెళ్ళి చేసుకుంటే ఇంటికి వచ్చే జీతం ఆమె వెంట మరో ఇంటికి వెళుతుంది. ఆనాటి వివాహవ్యవస్థలో కోడలి సంపాదన మీద పుట్టింటికి హక్కు లేదు. ఆమె పెళ్ళి ఆగిపోవడానికి కారణం ప్రేమలో లోపమూ కాదు, విధి వంచనా కాదు. ఇంటి ఖర్చుల చిట్టా కారణం. అన్న మరణం విధిలా కనిపించినా, ఆ మరణం వల్ల ఇల్లు కోల్పోయింది ముందుగా ఒక సంపాదించే మనిషిని. ఆ ఖాళీని పూరించగలిగింది సరిత ఒక్కతే.

డెల్టాలో ఒక డిగ్రీ తరగతిలో ఈ చిత్రాన్ని చర్చకు పెట్టినప్పుడు విద్యార్థులలో ఎక్కువమంది సరితను దేవతగా అభివర్ణించారు. ఒక విద్యార్థిని మాత్రం, సరిత ఒక నెల జీతం ఇవ్వకపోతే అప్పుడూ ఆమెను దేవత అనేవారా అని అడిగింది. ఆ ప్రశ్నకు తరగతిలో ఎవరూ వెంటనే బదులు చెప్పలేదు. ఈ వ్యాసానికి బీజం ఆ ప్రశ్నే.

‘శుల్కం’ అనే మాటను ఇక్కడ మళ్ళీ తలచుకోవచ్చు. సీతకు శుల్కం పరాక్రమం. 1892లో తొలిసారి ప్రదర్శితమైన గురజాడ ‘కన్యాశుల్కం’లో శుల్కం వరుడు ఇచ్చేది, తండ్రి పుచ్చుకునేది. ఇరవయ్యో శతాబ్దంలో అది తలకిందులై వరకట్నమైంది. వరకట్న నిషేధ చట్టం 1961లో వచ్చింది. సరిత కథలో ఈ లెక్క మరో మలుపు తిరిగింది. ఇక్కడ కన్యే శుల్కం చెల్లిస్తుంది. అదీ పెళ్ళి కోసం కాదు, పెళ్ళి కాకుండా ఉండడానికి. నెలనెలా చెల్లిస్తుంది. ‘గుండెల మీద కుంపటి’ అని పెళ్ళికాని ఆడపిల్లను గురించి మనవాళ్ళంటారు. సరిత ఇంట్లో ఆమె గుండెల మీద కుంపటి కాదు. వంటింట్లో కుంపటి వెలగడానికి కారణం ఆమె.

జయప్రద నటన ఈ సత్యాన్ని ఎలా పట్టిచూపిందో గమనించాలి. ఇంట్లో సరిత మాట కరకు. ఆమె అన్నను నిలదీస్తుంది, ఇంటివారిని మందలిస్తుంది. ఆమెను చూసి ఇంటివారు బెదురుతారు, నొచ్చుకుంటారు. త్యాగమూర్తి అయితే కన్నీటితో నవ్వాలి, ఇచ్చేది ఇస్తున్నట్లు తెలియకుండా ఇవ్వాలి. సరిత అలా ఇవ్వదు. తాను ఇస్తున్నానని తెలిసేలా ఇస్తుంది. పుచ్చుకునేవారికి ఆ సంగతి గుర్తు చేస్తుంది. ముఖంలో అలసట, చూపులో తీక్షణత, నడకలో తొందర, ఇవన్నీ ఉద్యోగం చేసివచ్చిన మనిషి లక్షణాలు. ప్రేమ సన్నివేశాల్లో మెత్తబడే ముఖం ఇంటి గడప తొక్కగానే మళ్ళీ బిగుసుకుంటుంది. ఈ బిగువు వల్లనే ఆమె చేసే పని పుణ్యంగా కాక శ్రమగా కనిపిస్తుంది. కథ ఆమెను దేవతను చేయజూస్తుంది, నటన ఆమెను మనిషిగా నిలబెడుతుంది. చిత్రం నేటికీ నిలిచి ఉండడానికి ఈ ఘర్షణే కారణమని నా అభిప్రాయం.

ఋత్విక్ ఘటక్ ‘మేఘే ఢాకా తారా’ (1960)లోని నీతతో పోలిస్తే ఈ తేడా మరింత స్పష్టమవుతుంది. శరణార్థి కుటుంబాన్ని పోషించే నీత ప్రియుడు కూడా ఆమె చెల్లెలినే పెళ్ళాడతాడు. నీత సహించి సహించి క్షయరోగంతో క్షీణిస్తుంది. ఆమె వేదన చివర్లో ఆర్తనాదంగా బయటపడుతుంది. సరిత క్షీణించదు. కోపాన్ని ఏ రోజుకారోజు బయటపెడుతూ, మర్నాడు మళ్ళీ పనికి వెళుతుంది. నీత కథకు మృత్యువు అంతాన్ని సూచిస్తే, సరిత కథకు అంతు లేకపోవడమే శిక్ష.

4. కామకురా నొరికో: నవ్వు వెనుక నిరాకరణ

సెత్సుకో హరా (1920–2015) యొకొహామాలో జన్మించి, 1935లో సినిమా రంగంలో ప్రవేశించింది. ఓజు దర్శకత్వంలో ఆరు చిత్రాల్లో నటించింది. వాటిలో ‘బన్షున్’ (1949), ‘బకుషూ’ (1951), ‘టోక్యో మొనోగతారి’ (1953) చిత్రాల నాయికలు ముగ్గురి పేరూ నొరికోయే. వారు ఒకే వ్యక్తి కాదు. అయినా విమర్శకులు ఈ మూడింటినీ కలిపి నొరికో త్రయంగా చదువుతారు.

‘బన్షున్’ నొరికో వయసు ఇరవయ్యేడు. భార్య పోయిన తండ్రితో కామకురాలో ఉంటుంది. ఆమెకు పెళ్ళి చేయాలని మేనత్త తొందరపెడుతుంది. నొరికో పెళ్ళి వద్దంటుంది. కారణం, తండ్రిని వదిలి వెళ్ళలేకపోవడం. తండ్రి (చిషూ ర్యూ) తాను మళ్ళీ పెళ్ళి చేసుకుంటున్నట్లు నమ్మించి ఆమెను ఒప్పిస్తాడు. చివరకు నొరికో పెళ్ళిదుస్తుల్లో తండ్రి ముందు మోకరిల్లి ఇన్నాళ్ళ పెంపకానికి కృతజ్ఞత చెబుతుంది. మన అప్పగింతల ఘట్టానికి ఇది చాలా దగ్గర. అయితే ఓజు ఆ తర్వాత పెళ్ళిని చూపడు. చిత్రం మొత్తంలో వరుడు ఒక్కసారైనా కనిపించడు. పెళ్ళి ముగిశాక తండ్రి ఒంటరిగా కూర్చుని పండు తొక్క తీస్తూ తల వాల్చేస్తాడు. పెళ్ళి ఎవరితో అన్నది ముఖ్యం కాదు. ఖాళీ అయిన ఇల్లు ముఖ్యం.

‘బకుషూ’ నొరికో టోక్యోలో ఒక కార్యాలయ ఉద్యోగిని. పెద్దలు చూసిన సంబంధాన్ని కాదని, పొరుగింటి తల్లి మాటవరసకు అన్న కోరికకు అక్కడికక్కడే సరేనంటుంది. ఆ వరుడు భార్య పోయి, చిన్న కూతురున్న వైద్యుడు. ఈ నిర్ణయంతో మూడు తరాలు కలిసి బతికిన ఇల్లు చెదిరిపోతుంది. చివర్లో యమాతో ప్రాంతానికి వెళ్ళిపోయిన వృద్ధ దంపతులు, బార్లీ చేల గట్ల వెంట సాగే ఎవరో వధువు ఊరేగింపును దూరం నుంచి చూస్తారు. వరిచేల మధ్య పెళ్ళి ఊరేగింపులు చూసి పెరిగిన డెల్టా పాఠకులకు ఆ దృశ్యాన్ని ప్రత్యేకంగా వివరించనక్కరలేదు.

ఈ చిత్రాల చారిత్రక సందర్భాన్ని కూడా గమనించాలి. 1947లో అమలులోకి వచ్చిన జపాన్ రాజ్యాంగం వివాహానికి స్త్రీపురుషుల పరస్పర సమ్మతే ఆధారమని ప్రకటించింది. కుటుంబ పెద్ద అధికారాన్ని గుర్తించిన పాత గృహవ్యవస్థ చట్టం నుంచి తొలగింది. రెండేళ్ళ తర్వాత వచ్చిన ‘బన్షున్’లో నొరికోకు చట్టం ఇచ్చిన సమ్మతి ఉంది. అయినా ఆ సమ్మతిని ఆమె నుంచి రాబట్టడానికి ప్రేమమయుడైన తండ్రే అబద్ధమాడవలసి వచ్చింది. చట్టం మారినంత త్వరగా ఇల్లు మారదు.

హరా నటనకు గుర్తు ఆమె నవ్వు. నిరాకరించవలసిన చోటా నవ్వుతుంది, బాధపడవలసిన చోటా నవ్వుతుంది. ఒకానొక క్షణంలో ఆ నవ్వు ముఖం మీద నుంచి జారిపోతుంది. ‘బన్షున్’లో నాట్య ప్రదర్శన చూస్తూ, తండ్రి పెళ్ళాడబోతున్నాడనుకునే స్త్రీని గమనించిన నొరికో ముఖంలో ఈ మార్పు కనిపిస్తుంది. సరిత కోపం వెనుక మమకారాన్ని దాచుకుంటుంది. నొరికో నవ్వు వెనుక కోపాన్ని దాచుకుంటుంది. ఇద్దరూ చెప్పే మాట ఒకటే: ఇల్లు తమ సమ్మతిని ముందుగానే లెక్కలో వేసేసుకుంది.

అయితే వీరి మధ్య మౌలికమైన తేడా ఉంది. నొరికో ఇంటిని వదలనంటుంది, ఇల్లు ఆమెను పంపిస్తుంది. సరిత వెళ్ళాలనుకుంటుంది, ఇల్లు ఆమెను పంపలేదు. ఆచార్యుడైన తండ్రి సంపాదన ఉన్న ఇంట్లో నొరికో అవసరం ఆత్మీయతకు సంబంధించినది. సంపాదించే పురుషుడే లేని ఇంట్లో సరిత అవసరం తిండికి సంబంధించినది. జపాన్ ప్రేక్షకులు హరాను ‘నిత్యకన్య’గా పిలుచుకున్నారు. ఆమె జీవితాంతం అవివాహితగానే ఉంది. 1963 తర్వాత తెర నుంచి తప్పుకుని కామకురాలో ఏకాంతంగా గడిపింది. పెద్ద కుటుంబాన్ని పోషించడానికే నటిస్తూ వచ్చానని ఆమె చెప్పిన మాట ఆమె జీవితాన్ని గురించి రాసినవారందరూ ప్రస్తావించేదే. తెర మీద నొరికోగా కనిపించిన స్త్రీ, తెర వెనుక సరిత వంటి సంపాదించే కూతురన్నమాట. ‘నిత్యకన్య’ అనే అందమైన బిరుదు కూడా, ‘త్యాగమూర్తి’ లాగానే, ఒక స్త్రీ సంపాదనను కప్పిన పట్టుగుడ్డ.

5. భారతి పెళ్ళి: రాజమహేంద్రవరం నేపథ్యం

‘అంతులేని కథ’ చర్చల్లో తక్కువగా ప్రస్తావనకు వచ్చేది భారతి పెళ్ళి. సరిత జరిపించిన మొదటి పెళ్ళి విధవా వివాహం. కందుకూరి వీరేశలింగం 1881 డిసెంబరు 11న తొలి విధవా వివాహాన్ని జరిపించినది రాజమహేంద్రవరంలోనే. ఆ పెళ్ళికి ఎదురైన సాంఘిక బహిష్కరణ, పురోహితుల నిరాకరణ, విద్యార్థుల అండ ఆధునికాంధ్ర చరిత్రలో భాగం. తొంభై అయిదేళ్ళ తర్వాత అదే ఊళ్ళో పుట్టిన నటి, వెండితెర మీద వితంతువైన చెల్లెలికి పెళ్ళి చేసింది.

ఈ తొంభై అయిదేళ్ళలో ప్రశ్న మారింది. వీరేశలింగం నాటి అడ్డంకి శాస్త్రం, ఆచారం, కులపెద్దలు. 1976 చిత్రంలో వాటి ఊసు పెద్దగా లేదు. అడ్డు నిలిచింది ఒక స్త్రీ ప్రేమ మాత్రమే. దానిని ఆమె తానే తొలగించింది. సంస్కరణోద్యమంలో వితంతువుకు వరుణ్ని సమకూర్చినది సంస్కర్త. ఇక్కడ సమకూర్చినది సంపాదించే అక్క, అదీ తన వరుణ్నే. సంస్కరణ అనే సామాజిక బాధ్యత ఒక ఇంటి ఆడపిల్ల వ్యక్తిగత నష్టంగా కుదించుకుపోయింది. పెళ్ళి నేపథ్యంలో వచ్చే ధ్వన్యనుకరణ పాట అడవిలోని పక్షుల, జంతువుల పెళ్ళి సందడిగా సాగి ప్రేక్షకులను నవ్విస్తుంది. ఆ సందడిలో ఎవరి వరుడు ఎవరికి దక్కుతున్నాడో తెలిసినవారికి ఆ నవ్వు పూర్తిగా రాదు. వినోదాన్నీ వేదననూ ఒకే సన్నివేశంలో ఉంచడం బాలచందర్ శిల్పంలోని బలం.

ఒక వితంతువు పునర్వివాహం అభ్యుదయమే. కానీ ఆ అభ్యుదయం మూల్యం ఎవరు చెల్లించారన్నది కూడా విమర్శ అడగవలసిన ప్రశ్న. భారతికి న్యాయం జరగడమూ, సరితకు అన్యాయం జరగడమూ ఒకే పందిరి కింద జరిగాయి. మొదటిదాన్ని చూసి రెండోదాన్ని మరచిపోతే చిత్రాన్ని సగమే చూసినట్లు.

6. వధువు పాత్రల తర్వాత

ఇద్దరు నటీమణుల ప్రస్థానంలోనూ కాబోయే వధువు తర్వాత వితంతువు పాత్ర రావడం గమనార్హం. ‘టోక్యో మొనోగతారి’లో హరా యుద్ధంలో భర్తను కోల్పోయిన కోడలు. కన్నబిడ్డలకన్నా అత్తమామలను ఆమే ఆదరిస్తుంది. మళ్ళీ పెళ్ళి చేసుకొమ్మని వారే ఆమెను కోరతారు. ‘అకిబియోరి’ (1960)లో ఆమె పెళ్ళీడు కూతురున్న వితంతు తల్లి. పదకొండేళ్ళ క్రితం తండ్రి ఆడిన పాత్రను ఇప్పుడు ఆమె ఆడుతుంది. కూతుర్ని పంపించి, చివరకు ఒంటరిగా మిగులుతుంది.

విశ్వనాథ్ ‘సాగర సంగమం’ (1983)లో జయప్రద ధరించిన మాధవి, బాలు (కమల్‌హాసన్) దృష్టిలో కాబోయే వధువు. వాస్తవానికి ఆమెకు అదివరకే పెళ్ళయింది. ఆ సంగతి తెలిశాక బాలు ఆమెను భర్తతో కలుపుతాడు. ఏళ్ళ తర్వాత భర్తను కోల్పోయిన మాధవి, ఆ విషయం బాలుకు తెలియకూడదని బొట్టు పెట్టుకుని అతని ఎదుటికి వస్తుంది. వితంతువు బొట్టు పెట్టుకోవడం సంస్కర్తల దృష్టిలో హక్కు. మాధవికి అది ఒకరి మనసు నొప్పించకుండా ఉండడానికి వేసుకున్న వేషం. ఇక్కడ జయప్రద ముఖంలో సరిత కరకుదనం లేదు. హరా నవ్వుకు దగ్గరగా ఉండే నిశ్చలత్వం ఉంది. పద్నాలుగేళ్ళకు కోపంతో నిలబెట్టిన నిరాకరణను ఇరవయ్యొక్క ఏళ్ళకు మౌనంతో నిలబెట్టగలిగింది. అయితే ప్రశ్న మాత్రం మారలేదు. ఎదుటివారి మనశ్శాంతి భారం ఇప్పటికీ ఆ స్త్రీ మీదే ఉంది.

7. ముగింపు

పై పరిశీలన నుంచి కింది అంశాలను చెప్పవచ్చు.

• కాబోయే వధువు పాత్రను ప్రేమకథలో ఒక దశగా మాత్రమే కాక, ఇంటి ఆర్థికవ్యవస్థ బయటపడే స్థలంగా చదవాలి. సరిత పెళ్ళి ఆగడానికి కారణం ఆమె జీతం వెళ్ళిపోతే నిలబడలేని ఇల్లు.

• ‘త్యాగమూర్తి’, ‘నిత్యకన్య’ వంటి ప్రశంసలు స్త్రీ శ్రమను, సంపాదనను కప్పిపుచ్చుతాయి. సరిత విషయంలో జయప్రద కరకుదనం, నొరికో విషయంలో హరా జారిపోయే నవ్వు ఆ కప్పును తొలగిస్తాయి. నటనను కథాసారాంశానికి అనుబంధంగా కాక, కథతో వాదించే పాఠంగా పరిగణించవలసిన అవసరం ఇక్కడ కనిపిస్తుంది.

• విధవా వివాహ చరిత్ర కలిగిన రాజమహేంద్రవరం నేపథ్యంలో చూస్తే, సంస్కరణ భారం సమాజం నుంచి సంపాదించే ఆడపిల్ల మీదికి మారిన క్రమం ‘అంతులేని కథ’లో నమోదయింది.

• పద్నాలుగేళ్ళ నటి ఈ భారాన్ని తెర మీద మోసిందన్న వాస్తవాన్ని ఆ పాత్ర విశ్లేషణలో భాగం చేయాలి.

‘పెళ్ళికూతురు’ అనే మాట దగ్గర మొదలైన చర్చ మళ్ళీ అక్కడికే వస్తుంది. సరిత రెండుసార్లు పెళ్ళిపందిరి వేయించింది, ఒక్కసారీ పీటల మీద కూర్చోలేదు. ఆమె కూతురుగానే మిగిలింది. ఆ మిగలడాన్ని మనం ఇన్నాళ్ళూ గొప్పతనం అన్నాం. దానిని కొంతకాలం బాకీ అని పిలిచి చూడాలి. అప్పుడు ఆ బాకీ ఎవరిదన్న ప్రశ్న తరగతి గదిలోకి, మన ఇళ్ళలోకి కూడా వస్తుంది. తరగతిలో ఆ విద్యార్థిని అడిగినది నిజానికి ఆ ప్రశ్నే.